ఆఖరి మెట్టు

మా అమ్మాయి సెలవులకు ఇంటికొస్తే నాకు రెండు పనులు పెరుగుతాయి. ఒకటి వంట, రెండోది సినిమాలు చూడటం. వంట ఎంతున్నా ఫరవాలేదు, ఏం చేస్తున్నామో మనకు తెలుస్తుంది. అది చూపించే సినిమాల సంగతి అలా కాదు. చిత్రకళ చదువుతోందేమో, దానికి నచ్చే సినిమాల్లో కథ ఉండదు, మాటలుండవు, ఎవరు ఎవరికి ఏమవుతారో తెలియదు. "ఇందులో అర్థమేమిటే?" అని అడిగితే, "పొద్దున్నే నువ్వు గుమ్మంలో వేసే ముగ్గుకు అర్థమేమిటమ్మా?" అని ఎదురు ప్రశ్న వేస్తుంది. ముగ్గు వేసేదాన్ని నేనే కనుక నోరు మూసుకుంటాను.

మొన్న వేసవిలో ఒక మధ్యాహ్నం వంటిల్లు సర్దుకుని, కాస్త నడుం వాలుద్దామని పోతుంటే చెయ్యి పట్టుకుని కంప్యూటరు ముందు కూర్చోబెట్టింది. "పదహారు నిమిషాలేనమ్మా" అంది. పదహారు నిమిషాలే కదా అని నేనూ కూర్చున్నాను. ఆ పదహారు నిమిషాలూ నన్ను ఇప్పటికీ వదల్లేదు. అందుకే ఈ నాలుగు ముక్కలూ మీతో చెప్పుకోవాలనిపించింది.

ఆ సినిమా పేరు 'బాలే మెకానిక్'. యంత్రాల నాట్యం అని చెప్పుకోవచ్చు. ఫెర్నాండ్ లెజే అనే ఫ్రెంచి చిత్రకారుడు, డడ్లీ మర్ఫీ అనే అమెరికన్‌తో కలిసి తీశాడు. 1924 సెప్టెంబరులో వియన్నాలో మొదటిసారి ప్రదర్శించారు. నిజంగానే అందులో కథ లేదు. ఉయ్యాల ఊగే ఒక అమ్మాయి కనిపిస్తుంది. అంతలో ఒక టోపీ. అంతలో సీసాలు. నవ్వే పెదవులు, నవ్వు మానేసిన పెదవులు. యంత్రాల ఇనుప కడ్డీలు ముందుకీ వెనక్కీ ఆడుతుంటాయి. వాటి మధ్యలో, నమ్మితే నమ్మండి, మన వంటింటి సామాను! మూతలు, అచ్చులు, గుడ్లు గిలకొట్టే తీగ. అవి వెలుతురులో ఊగుతూ, అద్దాల్లో పడి ఒకటి పదిగా చీలుతూ ఉంటే, నిజం చెప్పొద్దూ, నా నిద్ర ఎగిరిపోయింది. నలభై దాటిన ఈ జీవితంలో సగం వంటింట్లోనే గడిచింది గదా, ఏనాడైనా ఒక మూతను మూతగా తప్ప చూశానా? అది గుండ్రంగా ఉంటుందనీ, దాని మీద కిటికీ వెలుతురు పడితే చంద్రవంకలా మెరుస్తుందనీ ఎవరో ఫ్రెంచివాడు చెబితే గాని నాకు తెలియలేదు.

సరిగ్గా అప్పుడొచ్చింది ఆవిడ.

భుజం మీద పెద్ద మూట వేసుకుని ఒకావిడ మెట్లెక్కుతోంది. వయసు మళ్ళిన, ఒళ్ళు బరువైన మనిషి. బట్టలు ఉతికే ఆవిడట. నిటారుగా ఉన్న మెట్లు. ఎక్కింది, ఎక్కింది, పైకి వచ్చింది. అమ్మయ్య అనుకునేలోగా మళ్ళీ కిందనుంచి ఎక్కుతోంది! మళ్ళీ పైకొచ్చింది. మళ్ళీ కింద. అలా ఒకసారి కాదు, రెండుసార్లు కాదు, ఇరవైకి పైగా. మొదట నాకు నవ్వొచ్చింది. తరువాత విసుగొచ్చింది. ఆ తరువాత ఏదో బాధ మొదలైంది. "పాపం, ఆవిణ్ణి ఒక్కసారి పైకి పోనివ్వండర్రా!" అన్నాను పైకే. మా అమ్మాయి కిలకిలా నవ్వింది. "చూసేవాళ్ళకి ఆశ్చర్యం వేసి, ఇబ్బంది పుట్టి, చివరికి ఒళ్ళు మండాలనే అతను అలా తీశానని చెప్పుకున్నాడమ్మా. నువ్వు సరిగ్గా అతను చెప్పినట్టే చూశావు" అంది.

నాకు ఒళ్ళు మండిన మాట నిజమే. కాని ఎవరి మీద మండిందో తేల్చుకోవటానికే ఇన్నాళ్ళు పట్టింది.

అసలు చిత్రకారులకు సినిమాలెందుకు, హాయిగా బొమ్మలు వేసుకోక అనిపించింది మొదట. నేను బి.ఏ.లో చరిత్ర చదువుకున్నదాన్నే. కాని మా పాఠాల్లో మొదటి ప్రపంచ యుద్ధమంటే కారణాలు, ఫలితాలు, సంధి షరతులు, అంతే. ఆ రోజుల్లో మనుషుల చూపే మారిపోయిందన్న సంగతి మాకెవరూ చెప్పలేదు. ఇప్పుడు మా అమ్మాయి పుస్తకాలు తిరగేసి తెలుసుకున్నాను.

యుద్ధానికి ముందే పారిస్‌లో పికాసో, బ్రాక్ మొదలైనవాళ్ళు క్యూబిజం మొదలుపెట్టారు. ఒక వస్తువును ఒక్క వైపు నుంచే ఎందుకు చూడాలి, ఎదురుగా కనిపించేదీ పక్కనుంచి కనిపించేదీ ఒకే పటంలో ఎందుకు పెట్టకూడదు అన్నది వాళ్ళ ప్రశ్న. 1909లో ఇటలీకి చెందిన మారినెట్టి ఫ్యూచరిజం ప్రకటించాడు. వేగమే అందం, యంత్రమే అందం అన్నాడు. యుద్ధం సాగుతుండగా 1916లో, జ్యూరిక్‌లో తలదాచుకున్న కొందరు కవులూ చిత్రకారులూ డాడా అనే పసిపిల్లల మాటలాంటి పేరుతో ఒక ఉద్యమం లేవదీశారు. తెలివిగలవాళ్ళమని చెప్పుకుంటూనే ఇన్ని లక్షలమందిని చంపుకుంటున్నామే, ఇక తెలివికీ అర్థానికీ విలువేముంది అన్నది వాళ్ళ కసి.

వీళ్ళకు పటం చాలలేదు. పటంలో వేగాన్ని చూపించవచ్చు గాని కదిలించలేరు. సినిమాలో అది కదులుతుంది. కాని అప్పటికే సినిమా కథలకు అలవాటు పడిపోయింది. నాయకుడు, నాయిక, ప్రతినాయకుడు, ఆఖర్న పెళ్ళి. ఆ కథను పక్కకు తప్పించి, కంటికి కనిపించేదాన్నే సినిమా చెయ్యాలని వాళ్ళ పట్టుదల. 1920లో జర్మనీలో వచ్చిన 'డాక్టర్ కలిగారి' చిత్రంలో కథ ఉంది గాని, ఇళ్ళన్నీ వంకర టింకర. నేల మీదా గోడల మీదా నీడల్ని రంగుతో వేసేశారు. పిచ్చివాడి లోకం ఎలా ఉంటుందో తెర నిండా బొమ్మ గీసినట్టు ఉంటుంది. 1923లో పారిస్‌లో ఒక డాడా సభకు మాన్ రే అనే అమెరికన్ చిత్రకారుడు చిన్న సినిమా ఇవ్వాల్సి వచ్చింది. వ్యవధి చాలలేదు. ఏం చేశాడో తెలుసా? చీకటి గదిలో ఫిల్ము ముక్కలు పరిచి, కొన్నిటి మీద ఉప్పూ మిరియాల పొడీ చల్లాడు, కొన్నిటి మీద గుండుసూదులూ మేకులూ పోశాడు, దీపం ఒక్క క్షణం వెలిగించి ఆర్పాడు. కెమెరాతో పని లేకుండానే వాటి నీడలు ఫిల్ము మీద పడ్డాయి. ప్రదర్శన మధ్యలో ఫిల్ము తెగిపోయిందట, సభ కొట్లాటతో ముగిసిందట. అది వేరే సంగతి. ఉప్పూ మిరియాలతో సినిమా తీయవచ్చని మనకెప్పుడైనా తోచిందా?

కథ లేని ఈ సినిమాల వెనక ఎంత చాకిరీ ఉందో కూడా చెప్పాలి. 1925 మే 3న బెర్లిన్‌లో ఇలాంటివన్నీ కలిపి ఒక ఉదయం ఆట వేశారు. 'బాలే మెకానిక్' కూడా అందులో ఉంది. వైకింగ్ ఎగెలింగ్ అనే స్వీడన్ చిత్రకారుడి సినిమా ఒకటి ఉంది. నల్లటి తెర మీద తెల్లటి గీతలు ఏటవాలుగా పుట్టి, పెరిగి, తరిగిపోతాయి, అంతే. చూడటానికి కొద్ది నిమిషాలు. ఆ గీతల కోసం పల్చటి తగరపు రేకును కత్తిరించి, ఒక్కొక్క బొమ్మా కెమెరా కింద పెట్టి తీసింది ఎర్నా నీమాయర్ అనే పాతికేళ్ళైనా నిండని అమ్మాయి. ఆట వేసిన పదహారో రోజున ఎగెలింగ్ చనిపోయాడు. చరిత్రలో ఆయన పేరు నిలిచింది. మంచిదే. కాని ఆ కత్తెర పట్టిన చేతులు ఎవరివని ఎందరు అడుగుతారు? మన ఇళ్ళలో పెళ్ళి భోజనం అద్భుతంగా ఉందని పెళ్ళిపెద్దను మెచ్చుకోవటం లేదూ, అలాంటిదే ఇది కూడా.

మళ్ళీ మన లెజే దగ్గరికి వద్దాం. నార్మండీలో పశువులు పెంచుకునే కుటుంబంలో పుట్టినవాడు. 1914లో సైన్యంలోకి వెళ్ళాడు, 1917లో ఆస్పత్రి పాలయ్యాడు. యుద్ధంలో ఉండగా ఒక రోజు ఫిరంగి వెనక భాగం ఎండలో తళతళా మెరవటం చూశాడట. ప్రపంచంలోని మ్యూజియాలన్నీ నేర్పలేనిది ఆ మెరుపు నాకు నేర్పిందని తరువాత చెప్పుకున్నాడు. ఆ ఏడాదే ఆయన వేసిన ఒక పటంలో సైనికులు పేకాడుతుంటారు. చేతులూ కాళ్ళూ ఇనుప గొట్టాల్లా ఉంటాయి. అది చూసి నేను కొంచెం సేపు మాట్లాడలేకపోయాను. మనుషుల్ని చంపే ఫిరంగిలో అందం చూసిన కన్ను, చావు పక్కన కూర్చుని పేకాడుకునే మనుషుల్ని ఫిరంగి గొట్టాలుగా చూసింది. తప్పు పట్టగలమా? ఆ మూడేళ్ళూ వాళ్ళను అలా వాడుకున్నది ప్రభుత్వాలు. చిత్రకారుడు ఉన్నదే వేశాడు.

ఇక్కడే నా చిక్కు ప్రశ్న మొదలైంది. వాడుకలో నుంచి బయటకు తీసి చూడటం వీళ్ళందరూ మనకిచ్చిన వరం. టోపీకి తల అక్కర్లేదు, ఊరికే టోపీగా ఉండవచ్చు. మూత ఏ గిన్నె మీదా కూర్చోనక్కర్లేదు. ఆ సినిమాలో వస్తువులన్నిటికీ ఒక పూట సెలవు దొరికింది. గిన్నెలకు దొరికింది, సీసాలకు దొరికింది. మరి మెట్లెక్కే ఆవిడకో? ఆవిడ ఒక్కతికే సెలవు లేదు. అన్ని వస్తువులూ పని మానుకుని నాట్యం చేస్తుంటే ఆవిడ మాత్రం మూట మోస్తూనే ఉంది. పైగా ఆవిడ నిజంగా ఎక్కింది ఒక్కసారే. ఆ ఒక్క ఫిల్ము ముక్కనే మళ్ళీ మళ్ళీ అచ్చు వేసి అతికించారు. ఆవిడ దించుకున్న బరువును కత్తెరా జిగురూ కలిసి మళ్ళీ ఆవిడ భుజానికే ఎత్తాయి. ఉయ్యాల ఊగే అమ్మాయి మర్ఫీ భార్య కాథరిన్ అని పుస్తకాల్లో ఉంది. నవ్వే పెదవులు కీకీ అనే ఆవిడవి, ఆ రోజుల్లో పారిస్ చిత్రకారులందరికీ తెలిసిన మనిషి. మెట్లెక్కిన ఆవిడ పేరు నేను చదివిన వాటిలో ఎక్కడా కనిపించలేదు.

ఇదంతా మా అమ్మాయితో అన్నాను. అది ఊరుకుంటుందా? "అమ్మా, నువ్వు ఇంతవరకు ఎన్ని వందల సినిమాలు చూసి ఉంటావు? వాటిలో పనిమనిషి ఎన్నిసార్లు వచ్చి ఉంటుంది? కాఫీ కప్పు పెట్టేసి పోతుంది. ఆవిడ ముఖం ఒక్కటైనా గుర్తుందా నీకు? ఇందులో ఆవిడ ఎక్కటం ఒక్కసారే చూపించి ఉంటే మరచిపోయి ఉండేదానివి. ఇరవైసార్లు చూపించాడు కనుకనే ఇవాళ ఆవిడ పేరేమిటని వెతుకుతున్నావు" అంది.

కాదనలేకపోయాను. దాని మాటలో నిజముంది. విసుగు కూడా ఒక రకం చూపేనేమో. లెజే ఆవిణ్ణి ఎగతాళి చేశాడని నేనూ అనుకోను. పెద్దయ్యాక ఇళ్ళు కట్టే కూలీల్నే పెద్ద పెద్ద పటాలుగా వేసినవాడు. అయినా మనసులో ముల్లు పోలేదు. చూడటం వేరు, చూసినదానికి బాకీపడటం వేరు అనిపిస్తుంది నాకు.

అదే పారిస్‌లో, దాదాపు అదే రోజుల్లో, ఇంకొకరు ఆ కొత్త కిటుకులతోనే ఏం చేశారో చూడండి. జెర్మేన్ డ్యూలాక్ అనే ఆవిడ 1923లో 'నవ్వుతుండే మదాం బ్యూదే' అనే సినిమా తీసింది. డ్యూలాక్ అంతకుముందు స్త్రీల హక్కుల పత్రికలో పనిచేసిన మనిషి. కథ ఒక చిన్న ఊళ్ళో బట్టల వ్యాపారి భార్యది. ఆమెకు పుస్తకాలిష్టం, పియానో ఇష్టం. భర్తకు తన హాస్యమే ఇష్టం. అతని హాస్యం ఏమిటంటే, ఏ చిన్న మాట వచ్చినా సొరుగులోంచి ఖాళీ తుపాకీ తీసి తన కణతకు పెట్టుకుని కాల్చుకుంటున్నట్టు నటించటం. రోజూ అదే. అతను పూలకుండీని బల్లకు సరిగ్గా మధ్యలో పెడతాడు, ఆమె ఒక పక్కకు జరుపుతుంది. మళ్ళీ అతను మధ్యకు జరుపుతాడు. ఆపెరాకు పోతూ పియానోకు తాళం వేసి తాళంచెవి జేబులో వేసుకుంటాడు.

ఇంతే గదా, ఇందులో బాధేముంది అనవచ్చు ఎవరైనా. కొట్టలేదు, తిట్టలేదు. డ్యూలాక్ ఆ బాధను బయట చూపించలేదు, లోపలినుంచి చూపించింది. ఆమె కంటికి భర్త ముఖం ఉబ్బి వికారంగా సాగిపోతుంది. పత్రికలో బొమ్మగా ఉన్న ఆటగాడు నీడలా లేచి వచ్చి ఆ భర్తను పట్టుకుపోతాడు. క్షణాలు జరగక జరగక జరుగుతాయి. ఒక బొమ్మ మీద ఇంకో బొమ్మ, వంకర అద్దం, నెమ్మదించిన కదలిక, అన్నీ కొత్త సినిమా విద్యలే. అక్కడ ఆ విద్యలు ఒక మనిషిని యంత్రంలో భాగం చెయ్యలేదు. యంత్రంలా బతుకుతున్న ఒక ఇల్లాలి లోపల మనిషి ఉందని చూపించాయి. చివరికి ఆమె ఆ తుపాకీలో నిజం తూటాలు పెడుతుంది. అతను ఈసారి సరదాగా తన కణతకు పెట్టుకోలేదు, కోపంలో ఆమె మీదికే గురిపెట్టి పేల్చాడు. గురి తప్పింది. ఆమె తనను తాను చంపుకోవాలని తూటాలు పెట్టుకుందనుకుని, 'నువ్వు లేకపోతే నేనెలా బతుకుతాను' అని కౌగిలించుకుంటాడు. ఇన్నేళ్ళ కాపురంలో అతనికి అర్థమయింది అంత! ఆ కౌగిలిలో ఆమె ముఖం చూస్తే మీకు ఎవరో ఒకరు గుర్తుకొస్తారు. ఎవరని నేనడగను.

ఇంకొకటి కూడా చెప్పి ఊరుకుంటాను. 1929లో సోవియట్ దేశంలో జీగా వెర్తొవ్ తీసిన 'మూవీ కెమెరా ఉన్న మనిషి'లో యంత్రాలకు కొదవ లేదు, వేగానికి అంతకన్నా లేదు. కాని అందులో సిగరెట్ పెట్టెలు మడిచే ఒక అమ్మాయి ఉంది. చేతులు కంటికి ఆననంత వేగంగా ఆడుతుంటాయి. ఆ చేతుల పైన ఆమె ముఖం కూడా ఉంది, పక్కకు చూసి నవ్వుతుంది. ఆ సినిమాను కూర్చింది వెర్తొవ్ భార్య ఎలిజవేతా స్విలోవా. తెర మీద ఆమె కూడా కనిపిస్తుంది. ముందు పిల్లల ముఖాలు ఫిల్ము ముక్కల మీద కదలకుండా ఉంటాయి. ఆమె వాటిని పరీక్షగా చూసి, ఎంచి, అతికిస్తుంది. అప్పుడా ముఖాలు కదులుతాయి, నవ్వుతాయి. అదీ కత్తెర పనే.

కనుక తప్పు కత్తెరది కాదు, కొత్త కళది అసలే కాదు. నేను ఈ మాట ఇంత గట్టిగా ఎందుకంటున్నానంటే, నా చేతిలోనూ ఒక కత్తెర ఉంది. దాని సంగతి చెప్పకుండా లెజేను బోనులో నిలబెట్టటం న్యాయం కాదు.

మా ఇంట్లో అప్పలనరసమ్మ ఎనిమిదేళ్ళుగా పనిచేస్తోంది. మేముండేది అపార్ట్‌మెంట్ రెండో అంతస్తులో. బట్టలారేసే డాబా అయిదో అంతస్తు పైన. లిఫ్టుంది. దాని పక్కనే 'పనివారు లిఫ్టు ఉపయోగించరాదు' అని బోర్డూ ఉంది. దుప్పట్లు ఉతికిన రోజున తడి బట్టల బకెట్టు తుంటి మీద పెట్టుకుని ఆమె మెట్లెక్కుతుంటే చూసి, కొన్నేళ్ళ క్రితం ఒక కథ రాశాను. పేరు మార్చాను లెండి. మంచి కథే అన్నారు. కన్నీళ్ళు ఆగలేదని పాఠకురాళ్ళు ఉత్తరాలు రాశారు. చిన్న బహుమతి కూడా వచ్చింది. ఆ డబ్బుతో అప్పలనరసమ్మకు ఒక చీర కొన్నాను. కొని, చాలా ఉదారంగా ప్రవర్తించానని మురిసిపోయాను కూడా.

ఎవరు చెప్పారో ఏమో, ఒకరోజు గిన్నెలు తోముతూ అడిగింది. "అమ్మగోరూ, నా మీద కత రాసినారంట గదా. ఆకర్న నన్నేటి సేసినారు?"

నేను నీళ్ళు నమిలాను. "మెట్ల మీదినుంచి జారిపడి..." అన్నాను.

"సచ్చిపోనానా?" అని పకపకా నవ్వింది. నవ్వి, గిన్నె కడిగి బోర్లించి, "మరైతే నా గుంటనెవులు సూత్తారు? ఆ మాట రాసినారా?" అంది.

రాయలేదు. నా కథలో ఆమెకు కూతురే లేదు. అప్పలనరసమ్మకు కూతురుందని నాకు తెలియకనా? ఆ పిల్ల మా ఇంటికొచ్చి ఇంగ్లీషు పాఠం చెప్పించుకుని పోయేది. నా కథలో మాత్రం దాన్ని తీసేశాను. ఎవరూ లేని ఆడది మెట్ల మీద పడి చనిపోతే కరుణరసం బాగా పండుతుందని, కూతురుంటే కథ పక్కదారి పడుతుందని. ఆమె బతుకులో నాకు పనికొచ్చిన ముక్క ఒక్కటే, మెట్లెక్కే ముక్క. దాన్ని కత్తిరించి తీసుకున్నాను. అచ్చులో చదివిన ప్రతివారి కళ్ళ ముందూ ఆమె మళ్ళీ మళ్ళీ ఎక్కింది, మళ్ళీ మళ్ళీ పడింది. లెజే ఇరవైసార్లే ఎక్కించాడు. ఆయన ఆవిణ్ణి పడెయ్యనైనా లేదు.

ఇంకో మాట కూడా ఒప్పుకోవాలి. ఇంత కథ రాసిన నేను, ఆ బోర్డు గురించి అపార్ట్‌మెంట్ సంఘం సమావేశంలో ఒక్కసారి నోరు విప్పలేదు. నెలనెలా వెళ్తాను, నీళ్ళ మోటారు గురించీ, గేటు తాళం గురించీ మాట్లాడతాను. బోర్డు సంగతి నాకు కథావస్తువైంది గాని, మాట్లాడవలసిన విషయంగా తోచలేదు. మెట్లెక్కే మనిషిని చూసి అందంగా బాధపడటం నాకు చేతనయింది. బాధపడటంతో నా బాధ్యత తీరిపోయిందనుకున్నాను. ఆ మధ్యాహ్నం కంప్యూటరు ముందు కూర్చుని, ఆవిణ్ణి పైకి పోనివ్వండర్రా అని కేకలు వేసినప్పుడు నాకు ఒళ్ళు మండింది ఫ్రెంచి చిత్రకారుడి మీద కాదని ఇప్పుడు తెలుస్తోంది.

అలాగని మనుషుల గురించి రాయటం, తీయటం మానెయ్యాలా? మానేస్తే వాళ్ళను అసలే ఎవరూ చూడరు, మా అమ్మాయి చెప్పినట్టు. ఒక మనిషి బతుకునుంచి ముక్క తీసుకోకుండా ఏ కళా పుట్టదు. డ్యూలాక్ కూడా తీసుకుంది, స్విలోవా కూడా తీసుకుంది. తీసుకున్నాక ఆ ముక్క వెనక మిగిలిన మనిషిని మరచిపోకుండా ఉండటం సాధ్యమా అన్నదే ప్రశ్న. అప్పలనరసమ్మ అడిగింది అదే. ఆకర్న నన్నేటి సేసినారు? ఆ సిగరెట్ ఫ్యాక్టరీ అమ్మాయి ఈ ప్రశ్న అడిగితే, నీ నవ్వు ఉంచాం తల్లీ అని చెప్పవచ్చు. మదాం బ్యూదే అడిగితే, నీ భర్తకు కనిపించని నిన్ను అందరికీ చూపించాం అని చెప్పవచ్చు. నా దగ్గర మాత్రం జవాబు లేకపోయింది. బొమ్మ గీసినవాళ్ళనీ, కథ రాసినవాళ్ళనీ ఈ ప్రశ్న అడిగి చూడండి. రాయనివాళ్ళు కూడా తప్పించుకోలేరు సుమండీ. మన పిల్లల గురించీ, కోడళ్ళ గురించీ, పక్కింటివాళ్ళ గురించీ మనం చెప్పుకునే కబుర్లన్నీ ఇలా కత్తిరించిన ముక్కలే గదా. ఒక మనిషి చేసిన ఒక్క తప్పును ఇరవైసార్లు తిప్పి తిప్పి చూపించటానికి సినిమాయే అక్కర్లేదు.

పోయిన నెల సమావేశంలో బోర్డు సంగతి ఎత్తాను. గొంతు కొంచెం వణికింది. "కథల్లో బాగుంటాయండీ ఇవి" అన్నారు ఒకాయన. లిఫ్టు పాడవుతుందన్నారు ఇంకొకరు. నా పక్కన కూర్చున్న ఇద్దరు ఆడవాళ్ళు నా వైపు మాట్లాడారు, నేను అనుకోలేదు. చివరికి వచ్చే నెల చూద్దామన్నారు. బోర్డు ఇంకా అక్కడే ఉంది.

మొన్న ఆదివారం దుప్పట్లు ఉతికాం. అప్పలనరసమ్మ బకెట్టుతో పైకి వెళ్ళింది. కాసేపటికి డాబా మీదినుంచి కేక. "అమ్మగోరూ, కిలిప్పులు మర్సిపోనాను! గాలికి ఎగిరిపోతన్నాయి!"

క్లిప్పుల డబ్బా పట్టుకుని బయటికొచ్చాను. చెయ్యి అలవాటుగా లిఫ్టు మీటకే పోయింది. వెనక్కి తీసుకుని మెట్ల వైపు తిరిగాను. డెబ్బై రెండు. ఎనిమిదేళ్ళలో నేను వాటిని ఎప్పుడూ లెక్కపెట్టలేదు. ఒగురుస్తూ పైకి చేరేసరికి అప్పలనరసమ్మ ఆఖరి మెట్టు దాటి ఎప్పుడో డాబా మీదికి వెళ్ళిపోయింది. ఎగిరిపోతున్న దుప్పటి రెండు చేతులా పట్టుకుని, కూతురి పరీక్ష ఫలితాలు ఎప్పుడొస్తాయో ఫోనులో చూసి చెప్పమంది.